ఓరుగంటి సాయంకాలం

వరంగల్లు చూడవచ్చే వారికి ఒక అలవాటున్నది. పొద్దున్నే హైదరాబాదులో రైలెక్కుతారు. దాదాపు 145 కిలోమీటర్లు దాటి దిగుతారు. వేయి స్తంభాల గుడిలో నందిని నిమురుతారు. భద్రకాళి అమ్మవారికి కొబ్బరికాయ కొడతారు. కోటలో తోరణం ముందు నిలబడి ఫోటో తీయించుకుంటారు. సాయంకాలం అయిదు గంటలకల్లా మళ్ళీ ప్లాట్‌ఫారం మీద ఉంటారు. "ఊరంతా చూసేశామండీ" అని చెప్పి మరీ వెళతారు.

పాపం, వారు చూసింది రాళ్ళను. రాళ్ళు మంచివే. 1163లో రుద్రదేవుడు కట్టించిన గుడిని చూడకుండా పొమ్మని నేనెవరికీ చెప్పను. కాని ఒక ఊరు ఏం తింటుంది, ఏం పాడుతుంది, పని ముగించుకొని ఎక్కడ నిలబడి కబుర్లు చెప్పుకుంటుంది అన్న సంగతులు దీపాలు పెట్టిన తరువాత గాని తెలియవు. సరిగ్గా ఆ వేళకే మన యాత్రికులు రైలెక్కుతున్నారు.

ఇందులో విచిత్రమేమంటే, ఊరిని తిని, తిరిగి, వినోదించి చూడాలన్న పాఠం తెలుగువారికి నేర్పింది ఈ ఓరుగల్లే. ఆ పాఠ్యపుస్తకం పేరు క్రీడాభిరామం. నేనిక్కడ కాలేజీలో తెలుగు చెబుతాను గనుక ఈ పుస్తకం పేరెత్తితే నా గొంతు కాస్త పెద్దదవుతుంది. పాఠకులు సర్దుకోవాలి.

రావిపాటి త్రిపురాంతకుడు సంస్కృతంలో ప్రేమాభిరామమనే వీథి రూపకం రాశాడు. అదిప్పుడు దొరకదు. దానిని అనుసరించి 15వ శతాబ్దంలో వినుకొండ వల్లభరాయుడు తెలుగులో క్రీడాభిరామం రాశాడు. కాదు, అది శ్రీనాథుడి చేతి పనే అని వేటూరి ప్రభాకరశాస్త్రి వంటి పెద్దలు వాదించారు. ఆ తగాదా పండితులకు వదిలేద్దాం. కథ మాత్రం చాలా చిన్నది. గోవింద మంచనశర్మ, టిట్టిభసెట్టి అని ఇద్దరు స్నేహితులు. కాకతీయుల రాజధానిలో వీథి వీథీ తిరుగుతారు. అంతే! యుద్ధం లేదు, శాపం లేదు, స్వయంవరం లేదు. కోడిపందెం చూస్తారు. పొట్టేళ్ళ పోరు చూస్తారు. పాములవాడి దగ్గర ఆగుతారు. పల్నాటి వీరుల కథ పాడే ఆమె ముందు నిలబడిపోతారు. ప్రతాపరుద్రుని ఆదరం పొందిన మాచల్దేవి అనే వేశ్య తన చిత్రశాలలో ప్రవేశించే వేడుక సంగతి కూడా అందులో ఉన్నది. మధ్యలో ఇద్దరికీ ఆకలి వేస్తుంది.

ఆకలి వేసినప్పుడు ఎక్కడికి వెళ్ళాలో కూడా పుస్తకం చెబుతుంది. లక్ష్మణవజ్ఝల అనే ఆయన పూటకూళ్ళ ఇంట్లో ఒక్క రూక ఇస్తే చాలు. వాసనగల సన్నబియ్యపు అన్నం, పెసరపప్పు, అప్పుడే కాచిన ఆవునెయ్యి, గోధుమపిండితో చేసిన వంట, దానికి తోడు పంచదార, నాలుగైదు రకాల నంజుళ్ళు, అరటిపండ్లు, చివరకు గడ్డపెరుగు. మా తరగతిలో ఈ పద్యం వచ్చిన రోజున ఏ పిల్లవాడూ కునుకు తీయడు. ఒకసారి వెనుక బెంచీ నుంచి "ఆ హోటలు అడ్రసు చెప్పండి సార్" అని కూడా వినబడ్డది.

అడ్రసు చెప్పలేకపోవడమే మన చరిత్ర. 1323లో ఉలుగ్ ఖాన్ సేనలు ఓరుగల్లును పట్టుకున్నాయి. ప్రతాపరుద్రుడు బందీ అయినాడు. ఊరి పేరు సుల్తాన్‌పూర్ అని మారింది. ఆ పేరు నిలవలేదు గాని, ఆనాటి పూటకూళ్ళ ఇళ్ళూ నిలవలేదు. కోట నడుమ స్వయంభూదేవుని ఆలయం కూలిపోయింది. నాలుగు దిక్కులా నాలుగు తోరణాలు మిగిలాయి. వాటిలో ఒకదాని బొమ్మే 2014లో తెలంగాణ రాష్ట్ర చిహ్నంలోకి ఎక్కింది. ఏ రాతిని అడిగినా రాజుల పేర్లు చెబుతుందే తప్ప, రూకకు పెరుగు గడ్డగా వేసేవారా పలుచగా పోసేవారా అన్న సంగతి చెప్పదు. ఆ సంగతి చెప్పినది ఈ చిన్న పుస్తకం. సురవరం ప్రతాపరెడ్డిగారు 1949లో ఆంధ్రుల సాంఘిక చరిత్ర వెలువరించినప్పుడు, కాకతీయుల నాటి జనజీవనానికి ఆధారపడ్డ పుస్తకాలలో ఇదీ ఒకటి.

నిరుడు భాద్రపద మాసం చివర మా పాత సహాధ్యాయి ఒకడు భార్యను వెంటబెట్టుకొని మా ఇంటికి వచ్చాడు. ఉద్యోగం మీద జపానులో రెండేళ్ళుండి వచ్చాడు. కాపురం ఒసాకా నగరంలోనట.

"ఏమోయ్ పంతులూ, అక్కడ సాయంకాలం ఊరు చూపించడం ఒక వృత్తి. తెలుసునా?" అన్నాడు కాఫీ తాగుతూ.

అతడు చెప్పినదాని సారాంశమిది. సాయంకాలం ఆరు గంటలకు ఫలానా వంతెన దగ్గర నిలబడమంటారు. ఏడెనిమిది మంది యాత్రికులు పోగవుతారు. చేతిలో చిన్న జెండాతో ఒక అమ్మాయి వస్తుంది. మూడు గంటల సేపు సందులూ గొందులూ తిప్పుతుంది. దోతోంబొరి అని ఒక కాలువ ఉన్నది. 1615లో తవ్వినది. దాని ఒడ్డున ఒకప్పుడు నాటకశాలలు ఉండేవట, ఇప్పుడు తిండి కొట్లు. ఎర్ర కాగితపు లాంతర్లు వేలాడే చిన్న చిన్న దుకాణాల్లో పదిమంది కూర్చుంటే పదకొండో వాడికి చోటుండదు. ఒక్కొక్క కొట్టులో ఒక్కొక్క ముద్ద తినిపిస్తూ, ఈ వంట ఎట్లా పుట్టింది, ఈ సందుకు ఆ పేరెందుకు వచ్చింది అని కథలు చెబుతుంది. తిని తిని ఆస్తి కరగబెట్టుకోవడానికి ఆ ఊరివారి భాషలో ప్రత్యేకంగా ఒక మాటే ఉన్నదట!

"తకోయాకి అని అమ్ముతారు. మన గుంతపొంగనాల పెనం వంటి పెనమే, మన గుంతపొంగనాల వంటి ఉండలే. పుల్లతో తిప్పి తిప్పి కాలుస్తారు. వేడివేడిగా నోట్లో వేసుకున్నాను. లోపలేమో మెత్తగా తగిలింది."

"ఏమిటది?"

"సముద్రంలో ఎనిమిది కాళ్ళ జంతువుంటుందే, దాని ముక్క!"

పక్కనుంచి అతని భార్య నవ్వింది. "ఆ తరువాత మూడు రోజులు పెరుగన్నమే తిన్నారు అన్నయ్యగారూ" అన్నది.

అదే వీథుల నడుమ హోజెంజి అని ఒక గుడి ఉన్నదట. అక్కడి దేవుడి విగ్రహం మీద వచ్చిన వారందరూ నీళ్ళు పోస్తారు. ఏళ్ళ తరబడి పోయగా పోయగా విగ్రహమంతా పచ్చని నాచు పట్టిపోయింది. తిండి కొట్ల నడుమ ఆ అభిషేకం చూస్తే మన ఊళ్ళో ఉన్నట్టే అనిపించిందట.

"సరే గాని, మీ ఊళ్ళో ఆ పని చేసేవారు ఎవరున్నారు?" అని అడిగాడు.

"ఆరువందల ఏళ్ళ కిందట ఇద్దరుండేవారు. ఈ సాయంకాలానికి నేనున్నాను" అన్నాను.

ఆనాడు మహాలయ అమావాస్య. నాలుగున్నరకు ఆటో మాట్లాడుకొని కోటకు వెళ్ళాము. సాయంకాలపు ఎండలో తోరణాలు బంగారు రంగు తిరుగుతాయి. మట్టికోట, కందకం, రాతికోట దాటుకొని లోపలికి వెళితే, శిథిలాల చుట్టూ నేటికీ ఇళ్ళున్నాయి, పొలాలున్నాయి. కోట అనగానే పాడుబడినదని అనుకుంటారు గాని, ఇందులో మనుషులు కాపురాలు చేస్తూనే ఉన్నారు. గణపతిదేవుడు రాతిగోడ ఎత్తించిన చోట, రుద్రమదేవి దాన్ని పూర్తి చేసిన చోట, ఇప్పుడు బర్రెలు ఇంటిదారి పట్టి వస్తున్నాయి. మంచనశర్మ చూసిన అక్కలవాడ ఎక్కడని మిత్రుడు అడిగాడు. వేలు పెట్టి చూపడానికి ఏమీ లేదు. పేరున్నది, వాడ లేదు.

పొద్దు వాలగానే స్టేషను వైపు తిరిగి వచ్చాము. వరంగల్ చౌరస్తా దగ్గరికి వచ్చేసరికి దీపాలు వెలిగాయి. ఊరు మెల్లగా ఒళ్ళు విరుచుకొని లేచింది. బట్టల కొట్ల ముందు పండుగ బేరాలు. రోడ్డు పక్క గంపల్లో తంగేడు పూలు, గునుగు పూలు, బంతిపూలు. ఒక బండి మీద నూనె సలసల కాగుతున్నది. శనగపిండిలో ముంచిన మిరపకాయలు అందులో దిగుతున్నాయి.

"కూసోండ్రి సార్, గరం గరం ఏస్తున్న" అన్నాడు బండి అతను.

కూర్చోవడానికి ఉన్నది ఒకే బల్ల. దాని మీద అప్పటికే ముగ్గురున్నారు. వారు జరిగి చోటిచ్చారు. ప్లేటు బజ్జీలు 30 రూపాయలు. నిలువునా చీల్చి ఉల్లిపాయ తరుగు పెట్టి, నిమ్మకాయ పిండి ఇచ్చాడు. వరంగల్లు మిరపకు పేరు పడ్డ సీమ. లావుగా, ఎర్రగా ఉండే చపాటా మిరపకు 2025లో భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. ఆ చపాటాకు రంగు జాస్తి, కారం తక్కువ. బజ్జీలో పడ్డది ఆ జాతి కాదని మిత్రుడు మొదటి ముక్కలోనే కనిపెట్టాడు.

అక్కడి నుంచి మండీబజారు. అక్కడ ఇరానీ చాయ్ తాగడమంటే ఒక ఓపిక. పాలు ఒకవైపు, డికాక్షన్ ఒకవైపు గంటల తరబడి మరుగుతూ ఉంటాయి. రెండూ కప్పులోనే కలుస్తాయి. రంజాను మాసంలో అయితే ఈ బజారు అర్ధరాత్రి దాటినా నిద్రపోదు. గోధుమ, మాంసం కలిపి గంటల కొద్దీ ఎనిపిన హలీము కోసం జనం వరుసలు కడతారు. 1323 తరువాత వచ్చిన రుచులు ఇవన్నీ. ఊరు ఒక వంటను పోగొట్టుకొని మరొకటి నేర్చుకున్నది. మంచనశర్మ ఇప్పుడు తిరిగి వస్తే చాయ్ కప్పును అనుమానంగా చూసేవాడు. టిట్టిభసెట్టి మాత్రం ముందు ధర అడిగి, ఆ తరువాత రెండు తాగేవాడు.

కొత్తవాడ జంపఖానాల సంగతి కూడా మిత్రుడికి చెప్పాను. అక్కడి మగ్గాల మీద నేసే నూలు జంపఖానాలకు 2018లో భౌగోళిక గుర్తింపు లభించింది. మన పెళ్ళిపందిళ్ళలో కూర్చుని భోంచేసిన వారిలో చాలామంది ఆ జంపఖానాల మీద కూర్చున్నవారే.

ఇంతవరకూ మౌనంగా మా కబుర్లు వింటున్న మిత్రుడి భార్య ఆటోలో ఒక ప్రశ్న వేసింది.

"అన్నయ్యగారూ, మీ పుస్తకంలో ఊరు తిరిగినది ఇద్దరు మగవాళ్ళే గదా. వాళ్ళు ఆడవాళ్ళను చూశారు, వర్ణించారు. ఊరు చూడవచ్చిన ఆడది ఒక్కతె అయినా ఉన్నదా?"

"పల్నాటి కథ పాడిన ఆమె ఉన్నది" అన్నాను.

"పాడింది. తిరిగిందా?"

నేను జవాబు వెతుక్కున్నాను. క్రీడాభిరామంలో ఆడవారు ఎందరో ఉన్నారు. రకరకాల వృత్తులవారు, రకరకాల కులాలవారు. అందరినీ కవి ఎంతో ముచ్చటగా చూశాడు. కాని చూసిన కళ్ళు మంచనశర్మవి. పాఠం చెప్పేటప్పుడు కొన్ని పద్యాలు మేము దాటవేస్తాము. ఆడపిల్లలు తల వంచుకుంటారని. ఆ పద్యాల్లోని శృంగారం ఒక సంగతి. వారు ఆ వీథుల్లో తామూ నడిచినట్టు ఊహించుకోవడానికి పుస్తకంలో చోటు లేకపోవడం మరొక సంగతి. ఈ రెండో సంగతిని ఇంత సూటిగా నాకెవ్వరూ చెప్పలేదు.

"ఒసాకాలో మమ్మల్ని తిప్పినది ఆడపిల్లే" అన్నది ఆమె. "రాత్రి తొమ్మిదిన్నరకు మమ్మల్ని స్టేషనులో దిగబెట్టి, తాను ఒంటరిగా నడిచి ఇంటికి పోయింది. నాకు ఆ ఊళ్ళో అన్నిటికంటే నచ్చినది అదే."

ఆటో భద్రకాళి చెరువు గట్టు మీదుగా హనుమకొండ చేరింది. వేయి స్తంభాల గుడి ఆవరణకు ఇంకా ఫర్లాంగు దూరముండగానే ఆటోవాడు ఆపేశాడు. ముందుకు పోవడానికి దారి లేదు. రోడ్డు నిండా ఆడవాళ్ళు. పట్టుచీరలు, పావడాలు, నెత్తిన పళ్ళేలు, పళ్ళేల్లో పూల గోపురాలు. ఆనాడు ఎంగిలిపూల బతుకమ్మ. తొమ్మిది రోజుల పండుగకు మొదటి రోజు.

మిత్రుడి భార్య చెప్పులు విప్పి మా చేతికిచ్చింది. పక్కనే ఉన్న ఒక ముసలమ్మ ఆమెను ఎగాదిగా చూసి, "ఏ ఊరు బిడ్డా? రా, కలువు" అని చేయి పట్టుకొని వలయంలోకి లాక్కున్నది. చప్పట్లు కలిశాయి. అడుగు కలిసింది. వందల గొంతులు ఒకే పాటను ఎత్తుకొని, వంగి, లేచి, తిరుగుతున్నాయి. అమావాస్య చీకటిలో రుద్రదేవుని గుడి చుట్టూ దీపాలు, పూలు, పాట. మేమిద్దరం మగవాళ్ళం చెప్పులు పట్టుకొని గోడవార నిలబడ్డాము. అక్కడ మా వంటి వారు చాలామందే ఉన్నారు.

ఆట ముగిసిన తరువాత చేతుల్లో ప్రసాదం పెట్టారు. బియ్యపు నూకలు, నువ్వులు, బెల్లం. ఈ పండుగలో ప్రతి రోజుకూ ఒక నైవేద్యం ఉన్నది. చివరి రోజు సద్దుల బతుకమ్మ నాడు పెరుగన్నం, చింతపండు పులిహోర, నిమ్మకాయ పులిహోర, కొబ్బరన్నం, నువ్వుల సద్ది వండి తెచ్చి, పద్మాక్షి గుట్ట కింద గుండం ఒడ్డున ఒకరికొకరు పంచుకుంటారు. చిట్టి చిట్టి రొట్టెలూ బెల్లమూ కలిపి మలీద ముద్దలు చేస్తారు. డబ్బు పెట్టి కొనే తిండి కాదు. అడగకుండానే పెడతారు. 2014లో ఇది రాష్ట్ర పండుగ అయింది గాని, ఆ పంచుకోవడం అంతకు ఎంతో ముందు నుంచి ఉన్నది.

రాత్రి ఇంటికి వచ్చేసరికి మా ఇంటావిడ సర్వపిండి చేస్తున్నది. బియ్యప్పిండిలో పల్లీలు, నువ్వులు, నానబెట్టిన శనగపప్పు, కరివేపాకు, కారం కలిపి, గుండ్రటి సర్వ లోపలి గోడలకు చేత్తో అదిమి అద్దుతారు. అక్కడక్కడ వేలితో చిల్లులు పెట్టి నూనె చుక్కలు వేస్తారు. మూత పెట్టి సన్నని సెగ మీద ఎర్రగా కానిస్తారు. సర్వలో చేస్తారు గనుక సర్వపిండి. ఒకటి అయిన తరువాత గిన్నె చల్లారితే గాని రెండోది అద్దడానికి వీలుకాదు. పిండి చేతిలోనే ఆగిపోతుంది. అందుకే దీనికి తొందర పనికిరాదు. ఇప్పుడు మిఠాయి దుకాణాల్లో కూడా అమ్ముతున్నారు. అవి పెనం మీద కాల్చిన బిళ్ళలు. రుచి చెడ్డదని అనను. గిన్నె అడుగున కరకర, అంచుల్లో మెత్తన ఉండాలి చూశారూ, అది మాత్రం సర్వలో తప్ప రాదు.

"దీనిని ఒసాకాలో అమ్మితే ఆ పిల్ల జెండా పట్టుకొని మీ వాకిట్లో నిలబడుతుంది" అన్నాడు మిత్రుడు, మూడో ముక్క అందుకుంటూ.

"మన పిల్లలకు ఎవరైనా జెండా ఇస్తే ఇక్కడే నిలబడతారు" అన్నది అతని భార్య.

ఆమె మాట నాకు నచ్చింది. కాకతీయ విశ్వవిద్యాలయం 1976లో వెలసిన ఊరు ఇది. చరిత్ర చదివినవారు, తెలుగు చదివినవారు, ఇంగ్లీషు ధారాళంగా మాట్లాడగలవారు, ఆడపిల్లలు, మగపిల్లలు ఏటా వందల మంది ఉద్యోగాల కోసం రైలెక్కుతున్నారు. 2021లో రామప్ప గుడికి ప్రపంచ వారసత్వ గుర్తింపు వచ్చిన తరువాత యాత్రికులు దిగే రైళ్ళూ ఉన్నాయి. ఈ రెండు రైళ్ళవాళ్ళనూ ఒక సాయంకాలం పూట చౌరస్తాలో కలిపితే చాలు. కావలసినది పెద్ద భవనం కాదు. నడవడానికి వీలైన కాలిబాట, ఆడపిల్ల ఒంటరిగా ఇంటికి పోగల వెలుతురు, బండివాడిని బెదిరించి లేపని మున్సిపాలిటీ. తక్కిన సామగ్రి అంతా ఊరి దగ్గర సిద్ధంగానే ఉన్నది.

అందాకా పాఠకులకు నా సలహా ఒకటి. వరంగల్లు వస్తే ఒక రాత్రి ఉండండి. పగలు రాళ్ళను చూడండి. నాలుగున్నరకు కోట, చీకటి పడగానే చౌరస్తా, ఆ తరువాత మండీబజారు చాయ్. మహాలయ అమావాస్యకు గాని, తొమ్మిదో నాటి సద్దులకు గాని వస్తే ఇంటి ఆడవారిని ముందు నడవనివ్వండి; మీరు చెప్పులు మోయండి. ఎవరి ఇంట్లోనైనా సర్వపిండి పెడితే మొహమాటపడవద్దు.

ఇంటికి వెళ్ళాక ఏం తిన్నారో, ఎంతకు తిన్నారో, ఎవరు పెట్టారో ఒక కాగితం మీద రాసి దాచండి. ప్రతాపరుద్రుని ఖజానాలో ఎన్ని రూకలుండేవో నేను చెప్పలేను గాని, ఒక రూకకు నాలుగైదు నంజుళ్ళతో భోజనం వచ్చేదని మాత్రం ఏ విద్యార్థి అడిగినా చెప్పగలను. ఎవరో ఒకరు తిని, తృప్తిపడి, రాసిపెట్టారు గనుక.